బార్ట్లీ వెన్నెల

ఆంధ్రదేశమున వెన్నెల యన్నంతనే పలువురికి ఆకాశమందలి చంద్రుడు గాక తెల్లతెరపై శశిరేఖాభిమన్యుల నౌకావిహారము జ్ఞప్తికి వచ్చును. 1957లో విజయావారు వెలువరించిన మాయాబజారు చిత్రమును చూడనివారు మా పాఠకులలో అరుదు. అందు నటించినవారి పేర్లు, పాడినవారి పేర్లు ఎవరిని అడిగినను చెప్పగలరు. ఆ వెన్నెల కాయించిన వాని పేరు అడిగినచో మాత్రము సభ యంతయు మౌనము వహించును. ఆయన మార్కస్ బార్ట్లీ.

1917లో ఆయన ఒక ఆంగ్లో ఇండియను కుటుంబమున జన్మించెను. తెనుగు ఆయన మాతృభాష కాదు. పత్రికలకు ఛాయాచిత్రములు తీయుటతో వృత్తి ప్రారంభించి, వార్తాచిత్రములలో చేయి తిరిగి, పిదప మదరాసున కథాచిత్రములకు మరలెను. బి. ఎన్. రెడ్డిగారి స్వర్గసీమ (1945), కె. వి. రెడ్డిగారి గుణసుందరికథ (1949) ఆయన కెమెరాలోనివే. నాగిరెడ్డి, చక్రపాణిగార్లు విజయాసంస్థను నెలకొల్పిన పిమ్మట షావుకారు, పాతాళభైరవి, మిస్సమ్మ, గుండమ్మకథ వరుసగా ఆయన చేతిమీదుగా వెలువడినవి. తెనుగువాని యింటి ముంగిటిని, తులసికోటను, పెరటి చీకటిని ఇంత ఆప్యాయముగా చూపినవాడు మనభాష యింట పుట్టనివా డగుట మాకు వింతగను, సంతోషముగను ఉన్నది.

ఆ వెన్నెల సంగతి కొంత వివరింపవలెను. నాటి ఫిలిము వెలుతురును మెల్లగా గ్రహించునట్టిది. నిజమైన వెన్నెలలో కెమెరా నిలిపినచో దానిపై కటికచీకటి తప్ప వేరేమియు పడదు. కావున తెరమీది వెన్నెల యంతయు దీపముల సృష్టియే. నౌకావిహారములో కొద్దిభాగము మాత్రమే ఎన్నూరు వద్ద ఆరుబయట తీసి, తక్కినది స్టూడియోలోనే కల్పించిరి. దీప మొకటి చోటు తప్పినచో మనిషికి రెండు నీడలు పడును; రెండు నీడలు పడినచో ఇద్దరు చంద్రులున్నట్లే. వెలుతురు హెచ్చినచో పట్టపగలగును, తగ్గినచో నాయిక ముఖము మాయమగును. నీటి తళుకు వేరు, చీర తళుకు వేరు. పైగా ఆ చిత్రము తెనుగున, అరవమున ఏకకాలమున నిర్మింపబడినది. తెనుగున నాగేశ్వరరావుగారు అభిమన్యుడు. అరవమున జెమినీ గణేశన్‌గారు. సావిత్రిగారు రెంటను నాయికయే. అనగా ఒకే వెన్నెలను రెండు మారులు కాయింపవలసి వచ్చినది!

ఘటోత్కచుని వివాహభోజనమున లడ్లు వాని నోటిలోనికి ఎగిరిపోవుట చూచి నేటి పిల్లలును చప్పట్లు కొట్టుదురు. యంత్రగణకములు లేని దినములవి. కెమెరాను కదలనీయక ఆపుట, మరల నడపుట, తీసిన ఫిలిమునే వెనుకకు త్రిప్పి దానిపై మరల తీయుట, ఇవియే నాటి మాంత్రికుల మంత్రములు. చేయి రవ్వంత వణికినను దినమంతటి శ్రమ వ్యర్థము.

వర్ణచిత్రముల యుగము వచ్చినను ఆయన వెనుకంజ వేయలేదు. కేరళ సముద్రతీరమున రాము కరియాట్ తీసిన చెమ్మీన్ (1965) రాష్ట్రపతి స్వర్ణపతకము పొందినది. దక్షిణాదికి ఆ గౌరవము అదియే మొదలు. శాంతినిలయమను అరవచిత్రమునకు జాతీయ పురస్కారము బార్ట్లీకే లభించెను. 1993లో ఆయన గతించెను.

2010లో మాయాబజారునకు రంగులద్ది మరల విడుదల చేసిరి. జనము ఆదరించిరి, క్రొత్తతరము వారు ఆ మిషచేతనైనను చూచిరి. అందుకు మేము సంతసించితిమి. కాని నలుపు తెలుపుల నడుమ బార్ట్లీ తూచి పెట్టిన వెలుతురుపై మరియొకరు నీలము పూయుట మాకు రుచింపలేదు. తొలినాటి తెనుగు టాకీలు అనేకములు నేడు చూచుటకు సయితము లభింపవు. నిలిచియున్న వానిని ఉన్నవి యున్నట్లుగా భద్రపరచుటకు ధనము వెచ్చింపక, రంగులకు వెచ్చించుట ఏమి న్యాయము? పాఠకులు ఈ మారు ఆ చిత్రమును నలుపు తెలుపులలోనే చూతురుగాక. పడవ కదలునప్పుడు పాటతోపాటు నీటివంకను చూడుడు.