ఠాణా నుంచి కబురు వస్తే...

పొద్దుటి కాఫీ ఇంకా చల్లారదు. వీధి గుమ్మంలో కానిస్టేబులు నిలబడి, "ఎస్సైగారు మిమ్మల్నోసారి స్టేషనుకు రమ్మంటున్నారండీ" అంటాడు. ఎందుకో చెప్పడు. చేతిలో కాగితమూ ఉండదు. ఇల్లాలి ముఖాన కత్తివేటుకు నెత్తురుచుక్క ఉండదు. ఎదురింటి అరుగుమీద మాత్రం తీర్పు అప్పుడే వెలువడుతుంది: "నిప్పు లేనిదే పొగ వస్తుందా?"

వెళ్ళిన మనిషిని పొద్దుగూకేదాకా బల్లమీద కూర్చోబెట్టి, "రేపు రండి" అని పంపేస్తారు. రేపూ అంతే, ఎల్లుండీ అంతే. అరెస్టూ లేదు, విడుదలా లేదు. పిల్లికి చెలగాటం, ఎలుకకు ప్రాణసంకటం!

అయితే పోలీసువారు అసలు పిలవనే కూడదా? అలా అనడానికి వీల్లేదు. నేరం జరిగినప్పుడు దర్యాప్తు చేయడం వారి విధి. న్యాయస్థానాలు అందులో తలదూర్చరాదని స్వాతంత్ర్యానికి ముందే లండనులోని ప్రివీ కౌన్సిలువారు చెప్పారు. కాని దర్యాప్తు వేరు, వేధింపు వేరు. ఈ రెంటి నడుమ హద్దు ఎక్కడో, మన పొరుగు రాష్ట్రంలో పుట్టిన ఒక కేసు చూస్తే తెలుస్తుంది.

నందినీ శతపథి 1972 నుంచి 1976 వరకు ఒరిస్సా ముఖ్యమంత్రిణి. పదవి పోయిన మరుసటి ఏడు, అనగా 1977లో, ఆదాయానికి మించిన ఆస్తి కూడబెట్టారన్న కేసులో ఆమెను కటకంలోని విజిలెన్సు ఠాణాకు రమ్మన్నారు. పొడుగాటి ప్రశ్నల పట్టిక ముందుంచారు. తనకు వ్యతిరేకంగా తానే సాక్ష్యం చెప్పాలని ముద్దాయిని నిర్బంధించరాదన్న రాజ్యాంగం 20వ అధికరణాన్ని చూపి, ఆమె జవాబివ్వనన్నారు. జవాబివ్వకపోవడమే నేరమంటూ మరో కేసు పెట్టారు! హైకోర్టులో ఆమెకు ఊరట దొరకలేదు. సుప్రీంకోర్టుకు వెళ్ళారు.

1978లో న్యాయమూర్తి వి.ఆర్. కృష్ణయ్యర్‌గారు తీర్పు చెబుతూ, స్త్రీని విచారణకని ఠాణాకు పిలవడమే చట్టవిరుద్ధమన్నారు. పక్కన వకీలు ఉండాలని కోరితే కాదనరాదన్నారు. జవాబివ్వలేదన్న కేసు కొట్టివేశారు. అంతమాత్రాన ఆమెను నోరు విప్పవద్దనలేదు సుమా! తనను నేరంలో ఇరికించని ప్రశ్నలకు జవాబు చెప్పి తీరాలన్నారు.

2024 జూలై 1 నుంచి అమలులో ఉన్న భారతీయ నాగరిక సురక్షా సంహిత ఏమంటున్నది? 179వ సెక్షను ప్రకారం సాక్షిని పిలవాలంటే రాతమూలకమైన ఉత్తర్వు ఉండాలి. స్త్రీలను, పదిహేనేళ్ళలోపు బాలురను, అరవై దాటిన పురుషులను, వికలాంగులను, తీవ్రమైన జబ్బుతో ఉన్నవారిని వారుండే చోటు విడిచి రమ్మని నిర్బంధించరాదు. ఆరోపణ ఉండి, అరెస్టు అవసరం లేనివారికి 35వ సెక్షను కింద తాఖీదు ఇవ్వాలి. దాన్ని వాట్సాప్‌లో పంపితే చెల్లదని 2025 జనవరిలో సుప్రీంకోర్టువారు స్పష్టం చేశారు. తాఖీదు ప్రకారం హాజరయ్యే మనిషిని, కారణం రాసిపెట్టనిదే అరెస్టు చేయరాదు. చేస్తే ప్రయాణకాలం పోను 24 గంటలలోగా మేజిస్ట్రేటు ముందు నిలపాలి.

ఇవేవీ పాటించకపోతే? 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్టు వేయవచ్చు. అరెస్టు భయముంటే సెషన్సు కోర్టులోగాని, హైకోర్టులోగాని ముందస్తు బెయిలు కోరవచ్చు. స్త్రీలకు, షెడ్యూల్డు కులాలవారికి, తెగలవారికి, నిర్బంధంలో ఉన్నవారికి జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఉచితంగానే వకీలును ఇస్తుంది.

ఒక్క మాట మరువరాదు. కోర్టువారు సాధారణంగా దర్యాప్తు ఆపరు. చట్టప్రకారం నడపమని మాత్రమే శాసిస్తారు. తాఖీదు అందుకుని ముఖం చాటేసేవారికి ఆ గొడుగు ఉండదు. ఏ రోజు పిలిచారో, ఎన్ని గంటలు కూర్చోబెట్టారో రాసిపెట్టుకున్నవారి మాటకు అక్కడ బలం ఉంటుంది.

కనుక గుమ్మంలో కానిస్టేబులు నిలబడితే తలుపు వేసుకోనక్కరలేదు, తల వంచుకోనూ అక్కరలేదు. "కాగితం ఇవ్వండి, తప్పక వస్తాను" అంటే చాలు. ఆ మాట ఎదురింటి అరుగుకు కూడా వినపడేట్టు అంటే మరీ మంచిది!