రెండు కత్తులు – రెండు ఒరలు

ఒకే ఒరలో రెండు కత్తులు ఇమడవని సామెత. పొసగని రెండు వెర్షన్‌లను ఒకే కంప్యూటరులో నడపవలసి వచ్చినప్పుడు ఈ సామెత గుర్తుకు వస్తుంది.

1991లో వెలువడిన పైథాన్ అనే ప్రోగ్రామింగ్ భాష ఇందుకు నిదర్శనం. 2008లో వచ్చిన పైథాన్ 3 పాత లోపాలను సవరించింది గాని, పైథాన్ 2తో పొందిక కోల్పోయింది. 7ను 2తో భాగించమంటే పైథాన్ 2 భిన్నాన్ని విడిచి 3 అంటుంది. పైథాన్ 3 మాత్రం 3.5 అంటుంది. అందువల్ల పాత ప్రోగ్రామును కొత్త వెర్షన్‌తో నడిపితే అది మధ్యలో ఆగిపోవచ్చు. అంతకంటె ప్రమాదకరంగా, ఏ హెచ్చరికా లేకుండా లెక్క తప్పవచ్చు.

రెండింటినీ ఒకే పేరుతో పిలిస్తే, కంప్యూటరు తాను వెతికే వరుసలో ముందు కనిపించినదాన్నే నడుపుతుంది. కనుక ఒక్కొక్క వెర్షన్‌ను దాని లైబ్రరీలతో సహా వేరువేరు ఫోల్డర్లలో ఉంచి, వేరువేరు పేర్లతో పిలవాలి. ఒరలు రెండయితే కత్తులకు పోరు లేదు.

అయితే ఈ సహవాసం శాశ్వతం కారాదు. 2020 జనవరి 1తో పైథాన్ 2కు అధికారిక నిర్వహణ ముగిసింది. ఆ తరువాత బయటపడే భద్రతా లోపాలను దాని రూపకర్తలు సరిదిద్దరు. పాత ప్రోగ్రాములను కొత్త వెర్షన్‌కు అనువుగా మార్చుకొనేంతవరకే రెండవ ఒర అవసరం.