ఒకే పనికి ఒకే కూలి



చేనులో ఆడవాళ్లు, మగవాళ్లు కలిసి శెనక్కాయ పీకుతారు. ఎండ ఇద్దరికీ ఒకటే. సాయంత్రం కూలి ఇచ్చేటప్పుడు మాత్రం మగవాళ్లకు ఒక లెక్క, మనకు ఒక లెక్క. ఇది న్యాయమేనా?

ఇట్లాంటి ప్రశ్నకు మన వైపు మనిషి ఒకరు ఢిల్లీలో జవాబు రాసినారు. ఆయన పేరు ఓ. చిన్నప్పరెడ్డి.

అనంతపురం దాటి కర్నూలు దారిలో పోతే గుత్తి వస్తుంది. ఆయన 1922లో అక్కడ పుట్టినారు. మద్రాసులో లా చదివి వకీలు అయినారు. 1967లో హైకోర్టు జడ్జి అయినారు. 1978 నుంచి 1987 దాకా సుప్రీంకోర్టులో జడ్జిగా పని చేసినారు. సుప్రీంకోర్టు అంటే దేశంలో అన్నిటికంటే పెద్ద కోర్టు.

ఆ కోర్టుకు రణధీర్ సింగ్ అనే డ్రైవరు వచ్చినాడు. ఆయన ఢిల్లీ పోలీసు శాఖలో బండి తోలేవాడు. అక్కడ డ్రైవరు జీతం చదువును బట్టి 210 రూపాయలతోనో, 225 రూపాయలతోనో మొదలయ్యేది. రైల్వే రక్షణ దళంలో డ్రైవరుకు 260తో మొదలు. "పని ఒకటే కదా, జీతం ఎందుకు తక్కువ?" అని ఆయన అడిగినాడు.

1982లో చిన్నప్పరెడ్డి గారు తీర్పు రాసినారు. ఒకే పనికి ఒకే జీతం అనేది ఉత్త మాట కాదు, రాజ్యాంగం పెట్టిన గురి అన్నారు. ఆ డ్రైవరుకు 1973 నుంచి లెక్క కట్టి ఇవ్వమన్నారు.

మరి మన సంగతి ఏమిటి? ఆడవాళ్లకు, మగవాళ్లకు సమాన పనికి సమాన వేతనం ఉండాలని రాజ్యాంగంలోనే ఉంది. 1976లో దానికి చట్టం కూడా వచ్చింది. ఇప్పటి కూలి చట్టంలోనూ ఆ మాట ఉంది. మడక దున్నేదానికి, కలుపు తీసేదానికి లెక్క వేరు కావచ్చు. కానీ ఇద్దరూ ఒకే పని చేస్తే కూలి ఒకటే ఉండాలి.

ఇది జరిగే పనేనా అంటారా? 2006 ఫిబ్రవరి 2న అప్పటి మన అనంతపురం జిల్లాలోని బండ్లపల్లిలో ఉపాధి హామీ పని మొదలయింది. అందులో ఆడామగా తేడా లేకుండా ఒకే రేటు పెట్టినారు.

చిన్నప్పరెడ్డి గారు 2013లో చనిపోయినారు. ఆయన రాసిన తీర్పు ఉంది. అయితే అడిగేవాళ్లు ఉంటేనే తీర్పు పనికొస్తుంది. ఆ డ్రైవరు అడిగినాడు కాబట్టే అది వచ్చింది. ఆడవాళ్లకు కోర్టులో ఉచితంగా వకీలును పెడతారు. ఆస్తి, ఆదాయం చూడరు. 15100 నంబరుకు ఫోను చేసి అడగవచ్చు.

మాట్లాడుకోండి:
1. మన ఊర్లో ఏ పనులు ఆడామగా ఇద్దరూ చేస్తారు?
2. వాటికి ఎవరికి ఎంత కూలి? పలక మీద రాసి చూడండి.