ఆరిపోయిన మరక, పోనంటున్న వాసన

ఎండాకాలమంతా ఏ వాసనా లేని గది, తొలకరి జల్లు పడ్డ మర్నాడే గుప్పుమంది. మాది కాకినాడ. డబ్బాలోంచి తీసిన అప్పడం సముద్రపు గాలికి కాసేపట్లోనే మెత్తబడిపోయే ఊరు. మొదట బాత్‌రూమ్ అనుకుని ఫినాయిలు వేసి కడిగాను. తర్వాత పిల్లి ఏమైనా దూరిందేమోనని మంచాల కింద చీపురు పెట్టి వెతికాను. చివరికి అత్తయ్యగారి మంచం మీద దుప్పటి మార్చబోతే తెలిసింది. దుప్పటి కింద నాలుగు మడతలు పెట్టిన పాత నేత చీర, చీర కింద దండిగా చల్లిన పౌడరు, పౌడరు కింద కంచమంత మరక. దాని చుట్టూ అంచు కట్టినట్టు ఇంకో మరక. ఒక్కరోజుది కాదని చూడగానే తెలుస్తోంది.

అత్తయ్యగారికి డెబ్బై ఎనిమిదేళ్ళు. స్నానం చేసి మడి కట్టుకుంటేగాని వంటింట్లోకి అడుగుపెట్టని మనిషి. పోయినేడు తుంటి ఎముక విరిగి ఆపరేషన్ అయ్యాక వాకర్ పట్టుకుని నడుస్తున్నారు. మంచం నుంచి బాత్‌రూమ్‌కి పదహారు అడుగులు. మీకూ నాకూ అదొక లెక్కా? ఆవిడకి మాత్రం అర్ధరాత్రి అది కాశీయాత్రే. మధ్యలోనే అయిపోయేది. అంతకంటే ముందు మంచం మీదే అయిపోయేది. కోడలికి చెప్పడానికి నామోషీ. పౌడరు చల్లి, చీర పరిచి, దుప్పటి కప్పి, పొద్దున్నే ఏమీ ఎరగనట్టు కూర్చునేవారు.

మరక కంటే నన్ను ఎక్కువ భయపెట్టింది ఇంకోటి. సాయంత్రం నాలుగు తర్వాత ఆవిడ మంచినీళ్ళు ముట్టడం మానేశారు. “దాహం లేదే అమ్మాయ్” అంటుంటే నిజమే కాబోలనుకున్నాను. ఆ వారంలోనే మంట, చలిజ్వరం. మూత్రంలో ఇన్‌ఫెక్షన్ అని డాక్టరుగారు మందులిచ్చారు. “నీళ్ళు మానేస్తే మూత్రం చిక్కబడుతుందమ్మా. వాసన పెరుగుతుంది, మంట పెరుగుతుంది, ఆపుకోవడం ఇంకా కష్టమవుతుంది” అన్నారు. పరుపు శుభ్రం చెయ్యడమంటే పరుపు ఒక్కటే బాగుచెయ్యడం కాదని అప్పుడర్థమైంది నాకు.

ఇక మరక సంగతికొద్దాం.

ఎండిన మరక వానాకాలంలోనే ఎందుకు కంపు కొడుతుంది?

మూత్రంలో నూటికి 95 పాళ్ళు నీళ్ళే. మిగిలినది యూరియా, లవణాలు, కాస్త యూరిక్ ఆమ్లం, పసుపు రంగునిచ్చే పదార్థం. తాజాగా ఉన్నప్పుడు అంత కంపేమీ ఉండదు. పరుపులోకి ఇంకాక సూక్ష్మక్రిములు యూరియాని విరగ్గొట్టి అమ్మోనియాగా మారుస్తాయి. ముక్కుపుటాలు అదిరే ఆ ఘాటు దానిదే. నీళ్ళు ఆరిపోయాక లవణాలు, యూరిక్ ఆమ్లం సన్నటి పలుకుల్లా పీచుకి అంటుకుని ఉండిపోతాయి. యూరిక్ ఆమ్లం మామూలు నీళ్ళల్లో సరిగ్గా కరగదు. అందుకే “ఎన్నిసార్లు తుడిచానో” అని మనం వాపోవడం. గాలిలో తేమ పెరగగానే ఆ లవణాలు తేమని పీల్చుకుంటాయి, క్రిములకి మళ్ళీ ప్రాణం లేచొస్తుంది. ఎండలకి పడుకున్న వాసన వానలకి లేచి కూర్చుంటుంది.

నేను ముందు చేసిన తెలివితక్కువ పనులు చెబితే మీరైనా చెయ్యకుండా ఉంటారు. ఫినాయిలు చల్లాను. ఒక వాసన పోయేందుకు బదులు రెండు వాసనలు పోటీపడ్డాయి. సాంబ్రాణి వేశాను, ఆ పూటకి గుడిలా ఉంది, అంతే. కుంకుడు రసంతో రుద్దాను, మరక మీద గోధుమరంగు మరక పడింది. వేడినీళ్ళు పోశాను, ఆ ఆవిరికి గదిలో నిలబడలేకపోయాం. పౌడరు సంగతి సరేసరి. తేమకి ముద్దకట్టి పరుపు కుట్లలో ఇరుక్కుపోయింది.

బ్లీచింగ్ మాత్రం వాడలేదు, అదృష్టం. దీన్ని కాస్త గట్టిగానే చెబుతున్నాను. బ్లీచింగ్ పౌడరు గానీ, తెల్లబట్టలకి వాడే బ్లీచ్ నీళ్ళు గానీ మూత్రపు మరక మీద పొయ్యకండి. అందులోని అమ్మోనియాతో కలిస్తే వచ్చే వాయువు కళ్ళు మండించి, ఊపిరి ఆడకుండా చేస్తుంది. అదీ తలుపులు మూసిన గదిలో, మంచానపడ్డ మనిషి పక్కన!

పని చేసిన పద్ధతి

రెండు రోజుల పని ఇది. రోజంతా ఎండ కాసే రోజులు చూసుకుని మొదలుపెట్టండి.

మొదటి రోజు వెనిగర్. పచ్చళ్ళకీ, నూడిల్సుకీ వాడే తెల్ల వెనిగరే. సగం వెనిగర్, సగం చన్నీళ్ళు కలిపి, మొక్కలకి నీళ్ళు చిమ్మే సీసాలో పోసి మరక తడిసేదాకా చిమ్మండి. అమ్మోనియా క్షార గుణం కలది, వెనిగర్ ఆమ్లం. ఒకదాన్నొకటి విరిచేస్తాయి. పది నిమిషాలు ఆగి పాత తువ్వాలు మడిచి పెట్టి, దానిమీద అరచేతులతో బలమంతా వేసి నొక్కండి. రుద్దకండి. రుద్దితే మరక పక్కలకీ లోపలికీ పాకుతుంది. తువ్వాలు తిప్పి తిప్పి మళ్ళీ నొక్కండి. మా తువ్వాలుకి ఎంత పసుపు అంటిందో చూస్తే నమ్మలేరు. తర్వాత ఫ్యాను కింద పూర్తిగా ఆరనివ్వాలి.

రెండో రోజుది అసలు మందు. మందులషాపులో హైడ్రోజన్ పెరాక్సైడ్ అడిగితే గాయాలు కడిగేది ఇస్తారు. సాధారణంగా దొరికేది 20 వాల్యూమ్ అని రాసి ఉండేది, అంటే దాదాపు 6 శాతం. దానికి సమానంగా నీళ్ళు కలిపితే 3 శాతం అవుతుంది, మనకి కావలసింది అదే. ఇక్కడ చాలామంది సీసా మీద చదవకుండా పోసేస్తారు. 100 మిల్లీలీటర్ల పెరాక్సైడ్, 100 మిల్లీలీటర్ల నీళ్ళు, పెద్ద చెంచాతో రెండున్నర చెంచాల తినేసోడా, గిన్నెలు తోమే లిక్విడ్ రెండు చుక్కలు. మూడో చుక్క వేస్తే నురగ తుడవలేక చస్తారు. తినేసోడా అంటే బజ్జీల పిండిలో వేసేది. బట్టల సోడా వేరు, కేకుల్లో వేసే బేకింగ్ పౌడరు వేరు.

గాజుగిన్నెలోనో ప్లాస్టిక్ గిన్నెలోనో కలపండి. సోడా అంతా కరగదు, అడుగున పేరుకుంటుంది, ఫరవాలేదు. పైతేట తీసుకుని చెంచాతో గానీ గుడ్డతో గానీ మరకంతా తడిసేలా అద్దండి. చేతులకి రబ్బరు తొడుగులుండాలి. లేకపోతే వేళ్ళు తెల్లబడి చురుక్కుమంటాయి. ఇది రంగుల్ని కూడా తెల్లగా చేస్తుంది కనుక, పూల డిజైను పరుపైతే ముందు కనపడని మూల ఒక చుక్క వేసి చూడండి. కలిపింది వెంటనే వాడెయ్యాలి. మిగిలితే మూతపెట్టి దాచకండి, లోపల గ్యాసు పుట్టి సీసా పగలొచ్చు. వెనిగర్‌నీ దీన్నీ ఒకే గిన్నెలో ఎప్పుడూ కలపొద్దు. నిన్నటి వెనిగర్ ఆరాకే ఇవాళ ఇది.

సోడా యూరిక్ ఆమ్లాన్ని కరిగేలా చేస్తుంది, పెరాక్సైడ్ రంగునీ వాసననీ విరగ్గొడుతుంది. బుసబుసమని పొంగుతుంటే చూడటానికి భలే ముచ్చటగా ఉంటుంది. రాత్రంతా అలా వదిలేస్తే తెల్లారేసరికి తెల్లటి పొడి మిగులుతుంది. దాన్ని బ్రష్‌తో దులిపి, దానిమీదే పొడి సోడా మరికాస్త చల్లి, ఎనిమిది పది గంటల తర్వాత మళ్ళీ దులపండి. మా పరుపుకి ఈ రెండో రోజు పని రెండుసార్లు చెయ్యాల్సి వచ్చింది. లేత పసుపు నీడ ఇప్పటికీ ఉంది, వాసన మాత్రం లేదు. నీడతో నాకు పేచీ లేదు.

ఇంకోమాట. పైన కంచమంత కనపడితే లోపల పళ్ళెమంత ఉంటుంది. పరుపు తిరగేసి అడుగు చూడండి. అక్కడా మరక ఉంటే అటువైపునుంచి కూడా ఇదే పని చెయ్యాలి. లేకపోతే పైపైన పూసిన సున్నమే. పెంపుడు కుక్కల సామాను అమ్మేచోట ఎంజైము ద్రావకాలు దొరుకుతాయి, అవీ బాగానే పనిచేస్తాయి. కాకపోతే ఖరీదు, పైగా గంటలకొద్దీ తడిగా ఉంచాలి. పెరాక్సైడ్ వేసినచోట అవి వెంటనే వెయ్యకండి, ఎంజైములు చచ్చి డబ్బు వృథా.

ఏ పరుపుకి ఏ మర్యాద

దూది పరుపైతే ఇంత తడపడం కుదరదు, దూది ఉండలు కడుతుంది. కుట్లు విప్పి, మరకపడిన దూది తీసేసి, గుడ్డ ఉతికి, మిగతా దూది బాగా ఎండబెట్టి ఏకించి మళ్ళీ కుట్టించుకోవడమే మేలు. ఏకేవాళ్ళు వీధిలోకి రావడం తగ్గింది గానీ పరుపుల కొట్లలో మిషను మీద ఏకి ఇస్తారు. బూరుగు దూదికి సహజంగా మైనం పూతలాంటిది ఉంటుంది, తడిని అంత త్వరగా పీల్చుకోదు. అందుకని చాలాసార్లు గుడ్డ ఉతికితే సరిపోతుంది.

కొబ్బరి పీచు పరుపుని మాత్రం మండుటెండలో రోజుల తరబడి పడెయ్యకండి. పీచుని పట్టి ఉంచేది రబ్బరు పాలే, ఎండకి అది పెళుసెక్కి పొడిపొడిగా రాలుతుంది. పొద్దుటి లేత ఎండ, ఆపైన నీడపట్టున గాలి చాలు. స్పాంజి పరుపు కూడా ఎక్కువ ఎండకి పచ్చబడుతుంది. ఏదైనా సరే గోడకి నిలబెట్టి రెండువైపులా గాలి ఆడనివ్వాలి. లోపల తడి ఉండగా మంచం మీద వేసేస్తే బూజు పడుతుంది. నల్లటి చుక్కలు కనపడ్డాయంటే ఇక మరకల మందులు మానేసి కొత్త పరుపు మాట ఆలోచించండి.

పిల్లలు పక్క తడిపితే

పిల్లలున్న ఇళ్ళల్లో పరుపు తడవని ఇల్లు ఏదీ! ఐదేళ్ళ పిల్లల్లో నూటికి పదిహేను మంది దాకా నిద్రలో పక్క తడుపుతారు. వయసు పెరుగుతుంటే చాలామందికి దానంతటదే పోతుంది. తల్లిదండ్రుల్లో ఒకరికి చిన్నప్పుడు ఉంటే పిల్లలకి వచ్చే అవకాశం ఎక్కువ, ఇద్దరికీ ఉంటే మరీ ఎక్కువ. కాబట్టి పిల్లాణ్ణి తిట్టేముందు మీ అత్తగారిని అడగండి, మీ ఆయన చిన్నప్పటి ముచ్చట్లు చెబుతారు. బంధువుల ముందు ఆ దుప్పటి ఆరేసి నవ్వడం మాత్రం వద్దు. ఆరునెలలకి పైగా పొడిగా ఉన్న పిల్లలు మళ్ళీ మొదలుపెట్టినా, విపరీతమైన దాహం వేసినా, మంట అన్నా, మలబద్ధకం ఉన్నా డాక్టరుకి చూపించండి. చక్కెర జబ్బు లాంటివి కూడా ఇలాగే బయటపడతాయి.

అత్తయ్యగారితో ఆ రోజు నేనేం పెద్దగా మాట్లాడలేదు. “అత్తయ్యా, రాత్రి నన్ను లేపండి, లేకపోతే మంచం పక్కనే కుర్చీ కమోడ్ పెట్టిస్తాను, మీకేది ఇష్టం?” అన్నాను. చాలాసేపు గోడకేసి చూసి, “కుర్చీయే పెట్టించు, నీ నిద్ర పాడవుతుంది” అన్నారు. నీటి మాత్ర రాత్రిపూట వేసుకుంటున్నారు, డాక్టరుగారిని అడిగితే పొద్దుటికి మార్చారు. మీరు మాత్రం అడక్కుండా మార్చకండి. పగలంతా నీళ్ళు బాగా తాగిస్తున్నాను, పడుకునే ముందు మాత్రం కొంచెమే.

పక్క ఇలా పరుస్తున్నాను. పరుపు మీద రబ్బరు షీటు, దానిమీద పాతచీరల బొంత, ఆపైన దుప్పటి. మళ్ళీ దానిమీద ఇంకో రబ్బరు షీటు, బొంత, దుప్పటి. అర్ధరాత్రి తడిస్తే పైవరస మూడూ కలిపి లాగేస్తే చాలు, కింద పొడి పక్క సిద్ధంగా ఉంటుంది. రబ్బరు షీటు నేరుగా ఒంటికి తగలనివ్వకండి, చెమటకి ఒరుసుకుని పుండ్లు పడతాయి. బొంతలు చన్నీళ్ళల్లో ఒకసారి జాడించి, రెండోసారి నీళ్ళల్లో అరకప్పు వెనిగర్ కలిపి పావుగంట నానబెట్టి, ఆ తర్వాతే సబ్బు పెట్టండి.