గడ్డిలో దాగిన అరుదైన ప్రాణి



ఈ వేళ మనం చెప్పుకోబోయే విషయం పిల్లలకు బాగా తెలిసినది, పెద్దలకు బొత్తిగా తెలియనిది. తిరుత్తణి నుంచి అరక్కోణం వెళ్ళే రైల్లో చూడండి, తిరువళ్ళూరు బస్టాండులో చూడండి. సెల్‌ఫోను మీదికి వంగిన ఒక పిల్లవాడు "ఇంకా రాలేదురా" అంటాడు. పక్కనున్నవాడు "ఇన్నిసార్లు వెతికావు గదా, ఇప్పుడు తప్పకుండా వస్తుందిలే" అని ధైర్యం చెబుతాడు. రావలసినది ఏమిటి? ఆ "తప్పకుండా" అన్న మాటలో నిజమెంత? ఈ రెండు ప్రశ్నలకు జవాబు చెప్పుకుందాం.

రావలసినది ఒక వింత ప్రాణి. పోకెమాన్ అనే ఆటలో ఇలాంటి ప్రాణులు వందల కొద్దీ ఉంటాయి. ఆడేవాడు ఊళ్ళు, అడవులు, గుహలు తిరుగుతూ వాటిని పట్టి కూడబెట్టుకోవాలి. ఈ ఆట 1996 ఫిబ్రవరిలో జపానులో, గేమ్ బాయ్ అనే చేతిలో పట్టే చిన్న యంత్రం మీద వచ్చింది. దీన్ని ఊహించినవాడు సతోషి తజిరి. చిన్నతనంలో ఆయనకు టోక్యో నగర శివార్లలో పురుగులు పట్టడం సరదా. ఊరు పెరిగి చెరువులూ పొదలూ పోయిన తరువాత పుట్టిన పిల్లలకు ఆ సరదా మళ్ళీ అందించాలని ఈ ఆటకు రూపం ఇచ్చాడు. తూనీగ తోకకు దారం కట్టినవారికీ, తొలకరిలో ఆరుద్ర పురుగును అగ్గిపెట్టెలో దాచుకున్నవారికీ ఆ సరదా ఏమిటో నేను చెప్పనక్కరలేదు.

ఇక అసలు సంగతికి వద్దాం. ఆటలో ఒక ప్రాణి "అరుదు" అని ఎవరు నిర్ణయిస్తారు? అది ఎక్కడో గడ్డిలో నక్కి కూర్చుని ఉండదు. మొదటి ఆటల్లో జరిగేది ఇది. మీరు గడ్డిలో ఒక అడుగు వేయగానే యంత్రం లోపల ఒక పాచిక పడుతుంది. ఈ అడుగులో ఏదైనా ప్రాణి ఎదురుపడాలా వద్దా అన్నది ఆ పాచిక తేలుస్తుంది. ఎదురుపడాలి అని తేలితే రెండో పాచిక పడుతుంది. ఏ ప్రాణి అన్నది ఈ రెండోది చెబుతుంది. ప్రతి ప్రదేశానికీ పది గళ్ళ పట్టిక ఒకటి ఉంటుంది. మొత్తం 256 పాళ్ళు అనుకుంటే, మొదటి రెండు గళ్ళకు చెరి 51 పాళ్ళు, చివరి గడికి 3 పాళ్ళు. ఆ చివరి గడిలో ఉన్న ప్రాణినే మన పిల్లలు "రేర్" అంటారు. అంటే అరుదు అన్నది ఆ ప్రాణి గుణం కాదు, పట్టికలో దానికి దక్కిన చోటు.

256లో 3 అంటే సుమారు 85కు ఒకటి. "అయితే 85 సార్లు ఏదో ఒకటి ఎదురుపడితే అందులో అది ఒకసారి వచ్చి తీరుతుంది గదా" అని మీరు అనవచ్చు. ఇక్కడే చాలామంది పొరబడతారు. దీన్ని మన ఊరి లెక్కతో చూద్దాం.

తిరుత్తణి కొండకు 365 మెట్లు. ఏడాదిలో రోజుకు ఒకటి చొప్పున అని పెద్దలు చెబుతారు. ఒక్కొక్క మెట్టు మీద 365కు ఒకటి చొప్పున అరుదైన ప్రాణి కనబడే అవకాశం ఉందనుకోండి. వందమంది పిల్లలు అడుగునుంచి పైదాకా ఎక్కారు. ఎంతమందికి కనబడుతుంది? వందమందికీ కాదు. సుమారు 63 మందికి మాత్రమే. మిగతా 37 మంది స్వామి దర్శనం చేసుకుని, ప్రాణి దర్శనం మాత్రం లేకుండానే దిగివస్తారు. లెక్క కష్టమేమీ కాదు. ఒక మెట్టు మీద కనబడకపోయే అవకాశం 365లో 364. దాన్ని దానితోనే 365 మార్లు గుణిస్తే నూటికి 37 చొప్పున మిగులుతుంది. అంతమందీ మూడు సార్లు కొండ ఎక్కినా, ఇంకా అయిదుగురు ఉత్త చేతులతోనే ఉంటారు. సగటు అనేది అందరికీ కలిపి చెప్పే మాట. మీకు ఒక్కరికి ఇచ్చిన మాట కాదు.

ఇప్పుడు ఇంకో పెద్ద అరుదు. 1999లో జపానులో వచ్చిన ఆటలనుంచి, ఏ ప్రాణి అయినా ఎప్పుడో ఒకసారి వేరే రంగులో మెరుస్తూ కనబడే ఏర్పాటు చేశారు. పిల్లలు దాన్ని "షైనీ" అంటారు. అది కనబడే అవకాశం మొదట్లో 8192కు ఒకటి. 2013లో వచ్చిన ఆటలనుంచి దాన్ని 4096కు ఒకటిగా సడలించారు. మెట్ల లెక్కనే ఇక్కడా వేయండి. 4096 ప్రాణులను చూసిన పిల్లల్లో కూడా నూటికి 37 మందికి షైనీ కనబడదు.

అయితే ఇన్ని సార్లు రాలేదు గనక ఈసారి అవకాశం పెరిగిందా? మన ఇళ్ళల్లో గవ్వలాట ఆడినవారు ఈ ప్రశ్నకు జవాబు చెప్పగలరు. "పంట పడి చాలాసేపయింది, ఈసారి పడుతుంది" అని గవ్వలను గుప్పిట్లో గట్టిగా ఆడించి వేస్తాం. కానీ గవ్వలకు జ్ఞాపకం లేదు. కిందటి పందెంలో ఏం పడిందో వాటికి తెలియదు. మామూలుగా ఆటలోని పాచికకూ అంతే. వెయ్యిసార్లు రాని తరువాత వెయ్యిన్నొకటోసారి కూడా అదే 4096కు ఒకటి. "ఇంత కష్టపడ్డాను, ఇప్పుడు మానితే అంతా వృథా" అనే ఆలోచన ఆటకు సంబంధించింది కాదు, మన మనసుకు సంబంధించింది. నలుడు రాజ్యం పోగొట్టుకున్నది పాచికల మీద. ఆ తరువాత ఋతుపర్ణుడు తాండ్రచెట్టు ఆకులనూ కాయలనూ లెక్కగట్టి చూపించి ఆయనకు పాచికల మర్మం నేర్పాడని భారతంలో ఉంది. పాచికకూ లెక్కకూ ఉన్న చుట్టరికం మనవారికి కొత్తది కాదు.

మరి నేర్పుకు చోటే లేదా? ఉంది. పాచికను మార్చలేం గానీ, ఏ పాచిక వేయాలో ఎంచుకోవచ్చు. తెలిసిన ఆటగాళ్ళు మూడు పనులు చేస్తారు. మొదటిది, చోటు తెలుసుకోవడం. ఒకచోట పదో గడిలో ఉన్న ప్రాణి ఇంకోచోట నాలుగో గడిలో ఉండవచ్చు. రెండోది, జల్లెడ పట్టడం. ఆటలో "రిపెల్" అనే మందు ఒకటి ఉంది. అది చల్లుకుంటే మన ముందు నడిచే ప్రాణికన్నా తక్కువ స్థాయివి దగ్గరికి రావు. కావలసిన ప్రాణి ఆ చోట అన్నిటికన్నా ఎక్కువ స్థాయిదైతే, మిగిలినవి తప్పుకుని అదొక్కటే ఎదురుపడుతుంది. వడ్లలో పొల్లు చెరిగినట్టే.

మూడోది వింటే మన సరిహద్దు జిల్లావాళ్ళకు ముచ్చట వేస్తుంది. 2006లో వచ్చిన ఆటలనుంచి ఒక నియమం ఉంది. వేరువేరు భాషల ఆటల్లోనుంచి వచ్చిన రెండు ప్రాణులను జత కలిపితే, ఆ గుడ్డులోనుంచి షైనీ వచ్చే అవకాశం పెరుగుతుంది. ఒకటి జపాను భాష ఆటది, ఇంకొకటి ఇంగ్లీషు ఆటది అయితే, 2013 నాటి ఆటల్లో 4096కు ఒకటిగా ఉన్నది సుమారు 683కు ఒకటి అవుతుంది. ఆట తయారుచేసినవారిలో ఒకరైన జునిచి మసుద పేరుతో దీన్ని మసుద పద్ధతి అంటారు. ఇంట్లో తెలుగు, వీధిలో తమిళం మాట్లాడే మన పిల్లలకు ఈ నియమం ఎందుకు పెట్టారో నేను విడిగా చెప్పనక్కరలేదు. దూరపువాళ్ళతో స్నేహం చేసి ఇచ్చిపుచ్చుకోవాలన్నదే అందులోని కిటుకు.

ఇంతవరకు ఆటలోని వేట. అసలు అడవిలో అసలు అరుదైన ప్రాణి ఎలా దొరికింది? మన తిరుత్తణి మీదుగా పోయే రైలుమార్గమే రేణిగుంట, రాజంపేట దాటి కడపకు వెళుతుంది. ఆ కడప జిల్లా ముళ్ళపొదల అడవుల్లో కలివికోడి అనే పిట్ట ఉంది. కలివి పొదల మధ్య తిరుగుతుంది గనక ఆ పేరు. 19వ శతాబ్దం నడుమ జెర్డాన్ అనే ఇంగ్లీషు వైద్యుడు దాన్ని లోకానికి తెలియజేశాడు. 1900 తరువాత ఎనభై అయిదేళ్ళపాటు అది ఏ శాస్త్రజ్ఞుడి కంటా పడలేదు. అంతరించిపోయిందనే చాలామంది అనుకున్నారు.

1986 జనవరిలో అది దొరికింది. బొంబాయి నేచురల్ హిస్టరీ సొసైటీ తరఫున భరత్ భూషణ్ అనే పరిశోధకుడు ఆ ప్రాంతంలో తిరిగి, స్థానికులకు పిట్ట బొమ్మ చూపించి విచారించాడు. సిద్ధవటం దగ్గర రెడ్డిపల్లెలో ఐతన్న అనే వేటగాడు రాత్రివేళ దీపం వెలుగులో ఆ పిట్టను ప్రాణంతో పట్టి తెచ్చాడు. పగలు వెతికినవారికి అది దొరకకపోవడంలో ఆశ్చర్యం లేదు. అది రాత్రి తిరిగే పిట్ట. ఐతన్నది అదృష్టం కాదు. ఏ పొద, ఏ వేళ, ఏ అలికిడి అన్నది తెలిసిన జ్ఞానం. తరువాతి పరిశోధకులు కూడా ఇదే దారి పట్టారు. పొదల మధ్య మెత్తటి మట్టి పరిచి అడుగుజాడలు చూశారు. దాని కూతను రికార్డు చేసి, సాయంవేళ వినిపించి, జవాబు వస్తుందేమోనని చెవి ఒగ్గి విన్నారు.

ఇక్కడ ఆటకూ అడవికీ ఒక పెద్ద తేడా గమనించండి. ఆటలో ఎంతమంది పట్టినా ఆ 3 పాళ్ళు 3 పాళ్ళే. తరగవు. అడవి పట్టికలో గడులు చెరిగిపోతాయి. ఐతన్న తెచ్చిన పిట్ట కొద్దిరోజులకే చనిపోయింది. పొదలు కొట్టివేస్తే, కాలువలు తవ్వితే ఆ జాతికి మిగిలే పాలు సున్నా. అందుకే 1988లో శ్రీలంకమల్లేశ్వర అభయారణ్యం ఏర్పడింది. తెలుగుగంగ కాలువ ఆ పిట్ట ఉండే చోటుమీదుగా పోతున్నదని తెలిసినప్పుడు దాని దారి మార్పించడానికి పెద్ద పోరాటమే జరిగింది. ఆటలో పట్టడం గెలుపు. అడవిలో పట్టకుండా, ఉన్నదని తెలుసుకోవడమే గెలుపు.

చివరగా తల్లిదండ్రులతో ఒక మాట. ఈ రోజుల్లో ఇలాంటి ఆటలు కొన్ని, అరుదైన ప్రాణి ఉండే అవకాశం ఉన్న పెట్టెను డబ్బుకు అమ్ముతాయి. పెట్టెలో ఏముందో కొన్న తరువాతనే తెలుస్తుంది. మన చిన్నప్పుడు పెట్టె అంగడిలో అట్టమీద చీటీలు అంటించి, పైసలిస్తే ఒకటి చించుకోనిచ్చేవారే, అదే ఇది. పది రకాల బొమ్మలు సమానంగా పడతాయనుకున్నా, పదీ కూడబెట్టడానికి సగటున 29 చీటీలు చించాలి. చివరి ఒక్కదానికే సగటున పది. ఇలా బొమ్మలన్నీ కూర్చితేనే పెద్ద బహుమతి అనే పద్ధతి చట్టవిరుద్ధమని 2012లో జపాను ప్రభుత్వ వినియోగదారుల శాఖ తేల్చింది. డబ్బుతో కొనే ఇలాంటి పెట్టెలు జూదం కిందికే వస్తాయని 2018లో బెల్జియం ప్రకటించింది.

అందుచేత పిల్లవాడి చేతిలోనుంచి ఫోను లాక్కోకండి. పక్కన కూర్చోండి. "ఎన్నింటికి ఒకటి?" అని అడగండి. వాడు చెప్పిన సంఖ్యను మూడుతో గుణించమనండి. అన్ని సార్లు వెతికినా నూటికి అయిదుగురికి దొరకదని చెప్పండి. డబ్బు పెట్టవలసి వస్తే, ఆ మూడింతలకు అయ్యే ఖర్చును కాగితం మీద వేయించండి. ఆ అంకె చూసిన తరువాత కొనాలా వద్దా అన్నది చాలామంది పిల్లలు తామే తేల్చుకుంటారు. సంభావ్యత పాఠాన్ని నల్లబల్ల మీద నాణెం బొమ్మతో మొదలుపెడితే ఆవులించే తరగతి, ఈ లెక్కతో మొదలుపెడితే లేచి కూర్చుంటుంది.

పిల్లలూ, మీకు కూడా ఒక పని. రేపు వానలు పడగానే మీ ఊరి చెరువుగట్టుమీదికి వెళ్ళండి. ఒక నోటుపుస్తకం తీసుకుని, ఏ పిట్ట ఎన్నిసార్లు కనబడిందో నెలరోజులు గీతలు గీయండి. కాకికి ఎన్ని గీతలు, లకుముకిపిట్టకు ఎన్ని, ఒక్కసారే కనబడినది ఏది? అప్పుడు ఆ పది గళ్ళ పట్టికను మీరే తయారు చేసినవారవుతారు. దాని చివరి గడిలో ఏ పేరు వస్తుందో ముందుగా ఎవరూ చెప్పలేరు.