క్రయ ఒడంబడిక క్రయపత్రము కాదు

పద్మావతీ అమ్మవారు వెలసిన తిరుచానూరు తిరుపతికి సుమారు 5 కిలోమీటర్ల దూరమున నున్నది. పట్టణము పెరిగి గ్రామమును తాకుటతో నిన్నటి మడి నేడు ఇండ్ల స్థలమగుచున్నది. ధర పెరిగినకొలది మాట తప్పు ఆశయు పెరుగును. బయానా పుచ్చుకొన్నవాడు రిజిస్టరు చేయకుండుట, కొనువాడు మిగత సొమ్ము చెల్లింపలేకపోవుట - తగాదాలకు ముఖ్యకారణములివియే.

ఒడంబడిక చేతనున్నది గనుక భూమి మనదైనదని తలంచుట పొరపాటు. 1882 నాటి ఆస్తి బదలాయింపు చట్టము 54వ సెక్షను ప్రకారము ఒడంబడిక మాత్రముచే భూమిపై హక్కు కలుగదు.

అమ్మువాడు మొండికెత్తినచో 1963 నాటి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టము క్రింద దావా వేయవచ్చును. అయితే సొమ్ము చెల్లించి వ్రాయించుకొనుటకు తాను మొదటినుండియు సిద్ధముగా నున్నట్లు కొనువాడు రుజువు చేయవలెను. రిజిస్టరు చేయింపుమని కోరుటతోపాటు, అది పొసగనిచో బయానా వాపసు నిప్పింపుమనియు దావాలోనే కోరవలెను. కోరనిదానిని కోర్టు ఇప్పింపదు.

దావాకు గడువు మూడు సంవత్సరములు. ఒడంబడికలో తేదీ యున్నచో నాటినుండియు, లేనిచో అమ్మువాడు నిరాకరించినట్లు తెలిసిననాటినుండియు లెక్కింతురు. పెద్దమనుష్యుల రాజీమాటలతో ఈ కాలము గడచిపోయినచో న్యాయమైన దావాయు నిలువదు.

కావున రైతు సోదరులకు మేము చెప్పునది యిది: బయానా ఇచ్చుటకు ముందే సబ్ రిజిస్ట్రారు కార్యాలయమున ఇ.సి. తీసి చూడుడు. భాగస్థులందరిచేతను చేవ్రాలు చేయింపుడు. సొమ్ము బ్యాంకు ద్వారా చెల్లింపుడు. గడువు తేదీ స్పష్టముగా వ్రాయింపుడు. ఆ తేదీ దాటకమునుపే వకీలుచే నోటీసు ఇప్పింపుడు. ముందుచూపు గలవానికి కోర్టు మెట్లు ఎక్కు అవసరము అరుదు.