చెవి పరీక్షకు ఒక నంబరు



వార్షికోత్సవ సంచికకు ఏదైనా రాయమని అడిగినప్పుడు ముందు వెనకాడాను. నేను కవిని కాను, కథలు రాసేవాణ్ణీ కాను. హైదరాబాద్‌లో మెడికల్ కోడింగ్ చేసే ఉద్యోగిని. పండక్కి మరిపెడ బంగ్లాలో బస్సు దిగగానే "ఏం పని చేస్తున్నవ్ రా?" అని అడిగిన వాళ్లందరికీ "కంప్యూటర్ పని" అని చెప్పి తప్పించుకుంటుంటాను. ఈసారి ఆ పనేమిటో వివరంగా రాస్తాను. అందుకు ఒక చిన్న ఉదాహరణ తీసుకుంటాను: మామూలు చెవి పరీక్ష. చెవినే ఎందుకు ఎంచుకున్నానో చివర్లో చెబుతాను.

కోడింగ్ అంటే ఏమిటి?

అమెరికాలో వైద్యం ఖర్చులో ఎక్కువ భాగం బీమా ద్వారానే చెల్లిస్తారు. డాక్టరు రోగిని చూసి, ఏం చేశారో రికార్డులో రాస్తారు. బీమా సంస్థకు ఆ వివరాలు నంబర్ల రూపంలో వెళ్తాయి. రికార్డు చదివి సరైన నంబరు పెట్టేవాడే కోడర్. ఈ పని హైదరాబాద్‌లో వేల మంది తెలుగు పిల్లలకు అన్నం పెడుతోంది.

నంబర్లు ముఖ్యంగా రెండు రకాలు. మొదటిది "ఏం చేశారు?" అనే ప్రశ్నకు జవాబు. దీన్ని సీపీటీ అంటారు. అమెరికన్ మెడికల్ అసోసియేషన్ 1966లో మొదటిసారి ప్రచురించింది. రెండోది "ఎందుకు చేశారు?" అనే ప్రశ్నకు జవాబు. దీన్ని ఐసీడీ అంటారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ తయారుచేసిన జబ్బుల పట్టికను అమెరికా తన అవసరానికి పెంచుకుని వాడుతుంది. ఈ రెండు జవాబులూ ఒకదానికొకటి పొసగాలి. పొసగకపోతే బిల్లు తిరిగి వస్తుంది.

ఏం చేశారు?

చెవికి చేసే పరీక్షలు చాలా ఉన్నాయి. చెవులకు హెడ్‌ఫోన్ పెట్టి, కొన్ని శబ్దాలు వినిపించి, వినపడిందా లేదా అని మాత్రమే చూస్తే 92551. ప్రతి స్థాయిలో ఎంత మెల్లని శబ్దం వినగలరో కొలిస్తే 92552. దానితోపాటు చెవి వెనుక ఎముక మీద చిన్న పరికరం పెట్టి కూడా కొలిస్తే 92553. వీటికి మాటలు ఎంతవరకు అర్థమవుతున్నాయో కూడా పరీక్షిస్తే 92557. కర్ణభేరి సరిగా కదులుతోందా అని గాలి ఒత్తిడితో చూస్తే 92567.

ఎముక మీద ఎందుకు కొలుస్తారు? గాలి ద్వారా వచ్చే శబ్దం బయటి చెవి, కర్ణభేరి, మధ్య చెవి దాటి లోపలికి వెళ్లాలి. ఎముక ద్వారా వచ్చే శబ్దం నేరుగా లోపలి చెవికి చేరుతుంది. ఎముక ద్వారా బాగా వినపడి, గాలి ద్వారా వినపడకపోతే అడ్డు బయటో మధ్యలోనో ఉన్నట్టు. రెండింటా వినపడకపోతే లోపలి చెవిలోనో నరంలోనో లోపం ఉన్నట్టు. ఫలితాన్ని గ్రాఫ్‌గా గీస్తారు. కుడి చెవికి ఎర్ర సున్నా, ఎడమ చెవికి నీలం ఇంటూ గుర్తు.

తమ్ముళ్లూ, ఫిజిక్స్‌లో శృతిదండం చదివారు కదా! డాక్టరు దానితో చెవి పరీక్షించినా, వెనుక నిలబడి గుసగుసగా మాట్లాడి చూసినా దానికి వేరే నంబరు లేదు. అది మామూలు పరీక్షలో భాగమే. కొలత సరిచూసిన యంత్రంతో చేసినప్పుడే పైన చెప్పిన వినికిడి నంబర్లు వాడాలి. ఇంకో నియమం కూడా ఉంది. ఆ నంబరు పెడితే రెండు చెవులూ పరీక్షించినట్టే లెక్క. ఒక్క చెవికే చేస్తే పక్కన 52 అని చేర్చి, పని తగ్గిందని చెప్పాలి.

ఎందుకు చేశారు?

అసలు కష్టం ఇక్కడ ఉంది. ఏ బాధా లేకుండా వినికిడి చూపించుకోవడానికి వచ్చి, అంతా బాగుందని తేలితే జెడ్ 01.10. అదే పరీక్షలో లోపం బయటపడితే జెడ్ 01.118, దాని పక్కన ఆ లోపం పేరు చెప్పే నంబరు. ముందు జరిగిన పరీక్షలో తప్పినందుకు మళ్లీ పంపితే జెడ్ 01.110. పిల్లల సాధారణ ఆరోగ్య పరీక్షలో భాగంగా వినికిడి చూస్తే ఇవేవీ కాదు, జెడ్ 00.12తో మొదలయ్యే నంబరు. చెవి నొప్పి అని వస్తే అది మామూలు పరీక్ష కానే కాదు. కుడి చెవి నొప్పికి హెచ్ 92.01, ఎడమకు హెచ్ 92.02.

2015 సెప్టెంబరు వరకు అమెరికాలో పాత పట్టిక ఉండేది. అందులో గులిమి గట్టిపడితే ఏ చెవి అయినా ఒకటే నంబరు, 380.4. 2015 అక్టోబరు 1 నుంచి కొత్త పట్టిక వచ్చింది. ఇప్పుడు కుడి చెవికి హెచ్ 61.21, ఎడమకు 61.22, రెండింటికీ 61.23. డాక్టరు ఏ చెవో రాయకపోతే 61.20. సుమారు 14 వేల నంబర్లు ఉన్న పట్టిక సుమారు 70 వేలకు పెరిగింది.

ఒక్క అంకె తేడాతో ఏమవుతుంది అనుకోవద్దు. అమెరికాలో వృద్ధులకు ప్రభుత్వం ఇచ్చే మెడికేర్ బీమా 1965 చట్టంతో వచ్చింది. వినికిడి యంత్రాలకు, వాటి కోసం చేసే పరీక్షలకు అసలు మెడికేర్ డబ్బు ఇవ్వదు. తల తిరుగుతోందని డాక్టరు కారణం కనుక్కోమని పంపితే మాత్రం ఇస్తుంది. యంత్రం అదే, పరీక్ష అదే. కారణం మారితే డబ్బు కట్టేవారు మారతారు. అలాగని కోడర్ జాలిపడి, రికార్డులో లేని తల తిరుగుడు రాయకూడదు. అది మోసం. జబ్బు ఉన్నా రాయకపోవడమూ తప్పే. ఉన్నదాన్ని ఉన్నట్టు, దాని సొంత పేరుతో రాయడమే మా వృత్తి ధర్మం.

నాకు గుర్తొచ్చిన మిత్రుడు

ఉద్యోగంలో చేరిన కొత్తలో ఒక రికార్డులో హెచ్ 92.11 పెట్టాను. కుడి చెవి కారడం అని దాని అర్థం. ఆ రోజు ఇక పని సాగలేదు. హాస్టల్లో నా పక్క పరుపు మిత్రుడు గుర్తొచ్చాడు. వాడికి చెవి కారేది. దూది పెట్టుకుని బడికి వచ్చేవాడు. వాసన వస్తోందని మేము దూరంగా కూర్చునేవాళ్లం. ఎవరో చెబితే కాచిన నూనె పోశాం. సారు పిలిస్తే పలికేవాడు కాదు. "మొద్దు" అన్నారు. మేమూ అన్నాం. నేను అందరికంటే ఎక్కువసార్లు అన్నాను. పదో తరగతి సగంలోనే బడి మానేశాడు.

వాడు మొద్దు కాదు. వాడికి వినపడేది కాదు. మేమందరం కలిసి వాడికి తప్పు కోడ్ పెట్టాం. బిల్లుకు తప్పు కోడ్ పడితే దిద్ది మళ్లీ పంపవచ్చు. వాడి చదువును అలా దిద్దలేకపోయాం.

మనం చేయగలిగింది

ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021 నివేదిక ప్రకారం పిల్లల్లో వచ్చే వినికిడి లోపంలో దాదాపు 60 శాతం నివారించదగిన కారణాల వల్లే వస్తోంది. మన దేశంలో 2013లో మొదలైన రాష్ట్రీయ బాల స్వాస్థ్య కార్యక్రమం కింద ప్రభుత్వ బడుల పిల్లలను వైద్య బృందాలు పరీక్షిస్తాయి. వారు చూసే సమస్యల్లో చెవి కారడం, వినికిడి లోపం ఉన్నాయి. బృందం వచ్చిన రోజు చెవి బాధ దాచుకోకండి. 2016 వికలాంగుల హక్కుల చట్టం ప్రకారం రెండు చెవుల్లోనూ 60 నుంచి 70 డెసిబెల్స్ వినికిడి తగ్గితే పాక్షిక వినికిడి లోపం, 70 డెసిబెల్స్ తగ్గితే బధిరత్వం. ఆ సర్టిఫికెట్‌కు కూడా నేను చెప్పిన గ్రాఫే ఆధారం.

తమ్ముళ్లూ, ఈ నాలుగు మాటలు గుర్తుంచుకోండి:

1. చెవిలో అగ్గిపుల్ల, పిన్నీసు పెట్టవద్దు. కారే చెవిలో నూనె పోయవద్దు.

2. చెవి కారినా, నొప్పి వచ్చినా వార్డెన్ సారుకు చెప్పండి. ముందు ప్రాథమిక ఆరోగ్య కేంద్రానికి, అవసరమైతే వరంగల్ ఎంజీఎం ఆసుపత్రికి వెళ్లవచ్చు.

3. మిత్రుడి వెనుక చేయి చాపినంత దూరంలో నిలబడండి. వాడు ఒక చెవి మూసుకోవాలి. మీరు గుసగుసగా మూడు అంకెలు చెప్పండి. తిరిగి చెప్పలేకపోతే ఇంకో మూడు చెప్పి చూడండి. అయినా చెప్పలేకపోతే డాక్టరుకు చూపించాలి.

4. పిలిస్తే పలకని వాణ్ణి తిట్టకండి. ముందు బెంచీలో కూర్చోబెట్టండి.

ఈ ఉద్యోగం మీద ఆసక్తి ఉన్నవారికి ఒక మాట. డిగ్రీలో జీవశాస్త్రాలు, ఫార్మసీ, నర్సింగ్ చదివిన వారికి ఇది అనుకూలం. సీపీసీ అనే సర్టిఫికెట్ పరీక్షలో 100 ప్రశ్నలు, 4 గంటలు, 70 శాతం వస్తే పాస్. ఉద్యోగం గ్యారంటీ అంటూ ముందే డబ్బు కట్టించుకునే వారిని నమ్మవద్దు. శరీర భాగాల పేర్లు ఇంగ్లీషులో ఇప్పటి నుంచే నేర్చుకోండి.

మీ గదిలో, మీ తరగతిలో పిలిస్తే పలకని వాడు ఒకడు ఉండవచ్చు. ఈ వారమే వాడి వెనుక నిలబడి మూడు అంకెలు చెప్పి చూడండి.

– మీ హాస్టల్ పూర్వ విద్యార్థి